అనసూయమ్మ ఫ్రీజరు, గల్లా మీది గ్లాసు

పద్మారావు నగర్‌లో అనసూయమ్మ ఇల్లు ఏదని అడిగితే ఎవరైనా కాస్త ఆలోచించి చెబుతారు. నిమ్మకాయల అనసూయమ్మ ఇల్లు ఏదంటే మాత్రం ఇస్త్రీ బండి మనిషి కూడా పెట్టె పక్కన పెట్టి మరీ వేలు చూపిస్తాడు. ఆ బిరుదు ఆమెకి ఎవరూ సభ పెట్టి ఇవ్వలేదు. ఫ్రీజరు పెట్టి ఆమే సంపాదించుకుంది.

నాలుగేళ్ల కిందట ఒక ఎండాకాలం వచ్చింది. ఆ ఏడు నిమ్మకాయ ధర ఎంతకి ఎక్కిందంటే, జనం బండి దగ్గర ఆగి, కాయని చేతిలోకి తీసుకుని, వాసన చూసి, మళ్లీ బుట్టలో పెట్టి వెళ్లిపోయేవాళ్లు. సరిగ్గా ఆ వారమే అనసూయమ్మ ఆడపడుచు వరంగల్ నుంచి దిగింది. ఆడపడుచు వస్తే నిమ్మకాయ పులిహోర తప్పదు. అనసూయమ్మ బండి దగ్గరికి పోయి ఒక్క కాయ అడిగింది. "ఒక్కటేనా అమ్మా?" అన్నాడు బండివాడు, పది మందికీ వినపడేటట్టు. ఆ ఒక్క కాయ రసం అంత అన్నానికి ఏ మూలకి? ఆడపడుచు మొదటి ముద్ద నోట్లో పెట్టుకుని నెమ్మదిగా నమిలి, "పసుపన్నం మంచిగ చేసినవ్ వదినా" అంది. ఇలాంటి మాటతో కొందరికి వైరాగ్యం పుడుతుంది. అనసూయమ్మకి పంతం పుట్టింది.

ఆ ఏడు వానలు పడి కాయలు చవకైన రోజుల్లో ఆమె రెండు సంచులు పట్టుకుని మోండా మార్కెట్‌కి వెళ్లింది. పలచటి తోలు, నునుపు, చేతిలో బరువు చూసి ఏరుకుంది. ఇంటికొచ్చి కడిగి, పాత ధోవతి ముక్క మీద పరిచి, ఫ్యాను కింద ఆరబెట్టి, ఒక్కొక్క కాయనీ చంటిపిల్ల ఒళ్లు తుడిచినట్టు తుడిచింది. చుక్క తడి మిగిలినా మంచు పట్టి కాయలన్నీ ఒకదానికొకటి అతుక్కుపోతాయి. డజను చొప్పున కవర్లలో వేసి, గాలి లేకుండా మూతి బిగించి, ఫ్రీజరులో పేర్చింది. మచ్చలున్న కాయల్ని పిండి, గింజలు వడకట్టి, రసాన్ని ఐసు ట్రేలలో పోసింది. మిగిలిన సందులో చక్రాలుగా తరిగిన దబ్బకాయ ముక్కలు దూర్చింది. వండేముందు కాయని ఓ గంట బయట పెడితే చాలు. తోలు కొంచెం వడలినట్టవుతుంది గానీ, రెండు వేళ్లతో నొక్కితే తాజా కాయ కంటే ఎక్కువే రసం కారుతుంది. మరుసటి ఎండాకాలం ఆడపడుచు మళ్లీ వచ్చింది, పులిహోర రెండుసార్లు వడ్డించుకుంది, నోరెత్తలేదు. తన ఫ్రీజరు కాయకీ తాజా కాయకీ తేడా చెప్పగలిగిన మనిషి ఈ భూమ్మీద లేడని అనసూయమ్మ ఆ రోజే తీర్మానించుకుంది.

తీర్మానించుకుని ఊరుకుందా? ఊరుకోలేదు. గుడిలో, చీటీల దగ్గర, పాల ప్యాకెట్ల దగ్గర, ఎక్కడ నలుగురు ఆడవాళ్లు కనపడితే అక్కడ చెప్పింది. "మీరేమో బండివాని కాళ్లు పట్టుకుంటరు. మా ఇంట్ల మూడు వందల కాయలు పండుకోని ఉన్నయి" అనేది. ఇంట్లో ఐసు ముక్క దొరకదు. ఐస్‌క్రీం డబ్బాకి చోటు లేదు. ఒకసారి ఇంటికొచ్చిన పెద్దమనిషి సోడాలో ఐసు అనుకుని రెండు నిమ్మరసం ముక్కలు వేసుకుని, మొహం అష్టావక్రంగా పెట్టి, ఇంతవరకూ మళ్లీ రాలేదు. భర్త తిరుమల్ మాట ఇంట్లో బాగానే చెల్లుతుంది. కానీ ఎక్కడైనా బావ గానీ వంగతోట దగ్గర కాదన్నట్టు, ఫ్రీజరు తలుపు దగ్గర మాత్రం ఆయన పరాయివాడే.

తిరుమల్‌కి చిలకలగూడలో ఒక చిన్న మల్గి ఉంది. మ్యాచింగ్ సెంటర్. చీరలకి ఫాల్స్, లైనింగు గుడ్డ, జాకెట్టు ముక్కలు, ఏ రంగు చీర తెచ్చినా దానికి సరిపోయే దారం. దుకాణం ముందు వరండాలో నన్నే సాహెబ్ కుట్టుమిషను. ఇరవై ఏడేళ్లుగా లోపల తిరుమల్ గుడ్డ చింపుతాడు, బయట నన్నే సాహెబ్ కుడతాడు. వచ్చిన ఆడవాళ్లు ఒకే మెట్టు మీద రెండు పనులూ ముగించుకుని పోతారు. పొద్దున షట్టరు ఎత్తేది నన్నే సాహెబ్, రాత్రి దింపేది తిరుమల్. మధ్యాహ్నం రెండింటికి తిరుమల్ ఇంటికి పోయి, తిని, ఓ కునుకు తీసి నాలుగింటికి వస్తాడు. ఆ రెండు గంటలూ దుకాణం, గల్లా, అన్నీ నన్నే సాహెబ్ చేతిలోనే.

ఆ గల్లా మీద ఒక గాజు గ్లాసు ఉంటుంది. గ్లాసులో నీళ్లు, నీళ్లలో ఒక నిమ్మకాయ. కాయ తేలుతున్నంతసేపూ దుకాణానికి ఢోకా లేదు. మునిగిందంటే ఎవరిదో కన్ను పడిందని, ఆ దిష్టిని కాయ మింగిందని తిరుమల్ నమ్మకం. మంగళవారం, శనివారం కాయ మార్చాలి. అది తాజాగా ఉండాలి. "మనం తినేదానికి ఏదైతేంది, గల్లాకు మాత్రం నిలవ సరుకు నడ్వది" అని పెళ్లైన కొత్తలోనే చెప్పాడు. అందుకని అనసూయమ్మ ముందురోజు సాయంత్రం బండి మీద ఒక తాజా కాయ కొని ఉంచేది.

ఈ ఏడు ఏప్రిల్‌లో నిమ్మకాయ మళ్లీ కొండెక్కింది. శుక్రవారం సాయంత్రం అనసూయమ్మ బండి దగ్గర నిలబడి ఆలోచించింది. ఇంట్లో ఇన్ని కాయలు పెట్టుకుని నీళ్లలో వేసేదానికి ఒకటి కొనాలా? తన కాయకీ తాజా కాయకీ తేడా లేదని ఊరంతా చాటి, తన మొగుడి గల్లాకి మాత్రం బయటి కాయా? ఇది తన కాయని తనే అవమానించడం కాదా? తెల్లారి ఫ్రీజరులోంచి ఒకటి తీసి, మంచు తుడిచి, తిరుమల్ చేతిలో పెట్టింది.

"గింత సల్లగుందేందే?" అన్నాడు.

"ఫ్రిజ్‌ల పెట్టిన. ఎండలకు వాడిపోదా మరి?" అంది. అబద్ధమేమీ కాదు. ఎప్పుడు పెట్టిందో ఆయన అడగలేదు, ఆమె చెప్పలేదు.

పదింటికి గ్లాసులో వేస్తే కాయ బాగానే తేలింది. లోపల గడ్డకట్టి ఉంది కదా, తేలకేం చేస్తుంది? సాయంత్రానికి మంచు కరిగి, లోపల మెత్తబడి, నీళ్లు పీల్చుకుని, రాయిలా అడుక్కి చేరింది. తిరుమల్ చూశాడు. చేతిలో కత్తెర అలాగే ఉండిపోయింది.

మంగళవారం మరో కాయ వేశాడు. అదీ మునిగింది.

దుకాణం పైన అద్దెకుండే రామభద్రరావు రిటైరైన మనిషి. రోజూ కిందికి దిగి తిరుమల్ కొనే పేపరు చదివి, బదులుగా సలహాలు ఇచ్చి పోతుంటాడు. గ్లాసు వైపు చూసి కళ్లజోడు సర్దుకున్నాడు. "దిష్టి దూరం నుంచి రాదయ్యా తిరుమల్. గడప దగ్గర నుంచే వస్తుంది. రోజూ నీ గిరాకీని చూస్తూ కూర్చునేవాడెవడో ఆలోచించుకో" అన్నాడు.

ఆలోచించడానికి ఏముంది? గడప దగ్గర కూర్చునేది ఒక్కడే. శనివారం పొద్దున ఆ ఒక్కడే, కిటకిటలాడుతున్న దుకాణం చూసి, "పెండ్లిళ్ల సీజన్ మంచిగ షురూ అయింది భాయ్. మాషా అల్లా, ఎవ్వని నజర్ తగలకుండ ఉండాలె" అన్నాడు కూడా. కన్ను తగలకూడదని కోరుకున్న ఒకే ఒక్క మనిషి మీదికే నేరం పోయింది. చూసి మాట్లాడాడంటే చూసినట్టే కదా అని తిరుమల్ లాజిక్కు.

ఆ రాత్రి అన్నం దగ్గర ఆయన సంగతంతా చెప్పి, "నెలాఖరుకు వరండా ఖాళీ చెయ్యమని చెప్తా. ఇరవై ఏడేండ్ల దోస్తానా అని చూస్తే దుకాణం మునుగుతది" అన్నాడు.

 గుమ్మడికాయల దొంగెవరంటే భుజాలు తడుముకున్నట్టు అనసూయమ్మ చూపు ఫ్రీజరు వైపు పోయింది. "ఛీ, గాయన గసుంటోడు కాదు. మన కొడుకు హరికిషన్ పెండ్లికి నలభై జాకెట్లు కుట్టి పైస తీస్కోలే" అంది.

"మంచోడు కాదని నేనన్ననా? మనిషి మంచోడే. కన్ను మంచిది కాదు."

అప్పుడే చెప్పేయాల్సింది. మునిగింది నా ఫ్రీజరు కాయ అని నాలుగు మాటలు. కానీ ఆ నాలుగు మాటల వెనక నాలుగేళ్ల గొప్పలు బారులు తీరి నిలబడ్డాయి. తాజా కాయకీ తన కాయకీ తేడా ఉందని, అది కనిపెట్టింది ఏ పెద్ద వంటగాడో కాదు, ఒక గ్లాసెడు నీళ్లని ఎలా ఒప్పుకోవడం? పైగా గల్లాకి నిలవ కాయ వేయించిందని తెలిస్తే తిరుమల్ ఊరుకుంటాడా? కక్కలేక మింగలేక మజ్జిగ తాగేసింది.

దీనికో తేలికైన దారి ఉంది, అదీ ప్రయత్నించింది. శుక్రవారం కొంగు నెత్తి మీదికి లాక్కుని బండి దగ్గరికి వెళ్లింది. కాయ మీద చెయ్యి వేసిందో లేదో, పక్క వీధి సుకన్య, "అయ్యో, నిమ్మకాయలు మీరు కొంటున్నరా పిన్నీ?" అంది. బండివాడు కూడా పళ్లన్నీ కనపడేలా నవ్వాడు. అనసూయమ్మ చెయ్యి దానంతటదే పక్కకి జరిగి కరివేపాకు తీసుకుంది.

ఇంటికొచ్చి ఫ్రీజరు ముందు నిలబడి, తప్పు కాయది కాదు, పద్ధతిది అనుకుంది. నీళ్లు పీల్చుకోబట్టే కదా మునుగుతోంది? పీల్చకుండా చేస్తే సరి. శనివారం ఇవ్వాల్సిన కాయకి కొబ్బరినూనె పట్టించింది. తొడిమ ఊడిన చోట ఇంకాస్త మెత్తింది. అది నిగనిగలాడింది.

ఆ కాయ మునగలేదు. తిరుమల్ సాయంత్రం చూస్తే తేలుతోంది, మర్నాడు చూస్తే తేలుతోంది. మంగళవారం కాయా మునగలేదు, ఆపై శనివారానిదీ అంతే. అనసూయమ్మ గర్వం మళ్లీ పొంగింది. ఎంతైనా తన చెయ్యి!

పొంగు చల్లారడానికి ఎంతోసేపు పట్టలేదు. తిరుమల్ ఇంటికి వచ్చి హుషారుగా చెప్పాడు: "చూసినవా? నెలాఖరుకు ఖాళీ చెయ్యమని శుక్రవారం చెప్పిన. మిషన్ మొఖం సుత రోడ్డు దిక్కు తిప్పిచ్చిన. గప్పటిసంది కాయ మునుగుతలేదు. రామభద్రరావు సారు చెప్పింది ముమ్మాటికీ నిజం."

అనసూయమ్మ కుర్చీలో కూలబడింది. నూనె రాసింది నన్నే సాహెబ్‌ని కాపాడుదామని. ఆ నూనే ఆయన నేరానికి సాక్ష్యమైంది. కాయ మునిగితే అనుమానమే. తేలితే రుజువు.

"ఆయన ఏమన్నడు?" అని అడిగింది.

"ఏమంటడు? 'సరే భాయ్, నువ్వు పరేషాన్ గాకు' అన్నడు. కాప్రా దిక్కు ఆయన బామ్మర్ది ఇంటికాడ మిషన్ పెట్టుకుంటడట."

ఇంకో విశేషం చెప్పాలి. కన్ను మంచిది కాదని తేల్చి, వెళ్లిపొమ్మని గడువు పెట్టాక కూడా, తిరుమల్ రోజూ రెండింటికి గల్లా ఆ మనిషికే అప్పజెప్పి ఇంటికొచ్చి నిద్రపోయేవాడు. పైసలకి ఆయన్ని మించిన నమ్మకస్తుడు లేడట. దిష్టి వేరు, దొంగతనం వేరట.

నెలాఖరు రోజు రానే వచ్చింది. అనసూయమ్మకి పొద్దుటినుంచీ ఏ పనీ చేతికి ఆనలేదు. ఆరోజు పెద్ద గిన్నె నిండా నిమ్మకాయ పులిహోర కలిపింది. మధ్యాహ్నం తిరుమల్ తిని పడుకోగానే డబ్బాలో సర్దుకుని ఆటో ఎక్కింది. ఏం చెప్పాలో ఆమెకే తెలియదు. పెట్టాలని మాత్రం తెలుసు.

వరండాలో మిషను మీద గుడ్డ కప్పి తాడుతో కట్టి ఉంది. నన్నే సాహెబ్ స్టూలు మీద కూర్చుని ఒక స్టీలు గ్లాసులో చెంచా తిప్పుతున్నాడు. ఆమెని చూసి గబుక్కున లేచాడు. "రా వదినమ్మా. ఐదింటికి ట్రాలీ ఆటో వస్తది. నిన్ను చూడకుండ పోతనేమో అనుకున్న" అన్నాడు.

ఆమె డబ్బా ఆయన చేతిలో పెట్టి, ఏదో ఒకటి చూడాలి కాబట్టి గల్లా వైపు చూసింది. గ్లాసులో కాయ తేలుతోంది. లేతాకుపచ్చ, గట్టి తోలు, తొడిమ దగ్గర చిన్న ముచ్చిక ఇంకా ఉంది. అనసూయమ్మ దగ్గరికి వెళ్లి వంగి చూసింది. నాలుగేళ్లుగా వేల కాయలు తుడిచిన చేతులవి. తన కాయ తోలు మంచు తగిలి కాస్త గోధుమరంగు తిరుగుతుంది. పైగా ఈ కాయకి నూనె మెరుపు లేదు.

"ఇది నా కాయ కాదు" అంది.

నన్నే సాహెబ్ చెంచా ఆగిపోయింది. నవ్వాడు, పట్టుబడ్డ పిల్లాడిలా. "జెర మెల్లగ వదినమ్మా. భాయ్‌కి తెల్వనియ్యకు" అన్నాడు. "కాయ మునిగితే ఆయన అన్నం తింటలేడు. బీపీ మనిషి. అందుకే రోజూ పొద్దుగాల ఒక్క కాయ కొని జేబుల పెట్టుకుంట. భాయ్ ఇంటికి పోంగనే చూస్త. మునిగేటట్టు ఉంటే తీసి తాజాది వేస్త. ఇప్పటికి ఐదు మార్చిన."

"నా కాయలు ఏం చేసినవ్?"

ఆయన చేతిలోని గ్లాసు చూపించాడు. "నాకేం దిష్టి వదినమ్మా? షర్బత్ చేస్కుంటున్న. పారేయబుద్ధి కాలే. నూనె ఎందుకు రాసినవో గానీ, కడిగి పిండితే ఒక్కో కాయకు రెండు కాయల రసమొచ్చింది. తాజా కాయ ఏం పనికొస్తది దీని ముందు?"

నాలుగేళ్లుగా ఎదురుచూసిన మెచ్చుకోలు. అదీ తన అబద్ధానికి బలైపోతున్న మనిషి నోట వచ్చింది. అనసూయమ్మకి ఏడుపొచ్చింది. సిగ్గుతో వచ్చిన ఏడుపు అది, కొంగుతో తుడిస్తే పోలేదు.

"నన్నే భాయ్, ఆ కాయలు ఫ్రీజర్‌లయి" అంది. "వానాకాలం నాటియి. నిలవ కాయలు గల్లాకు పంపిన. అందుకే మునిగినయి. నీ కన్ను కాదు, నా పిసినారితనం."

"ఎరుకే" అన్నాడాయన. "మొదటి కాయ మెత్తదనం చూసినప్పుడే అనుకున్న. నువ్వు చెప్పుకోలేకపోతున్నవంటే ఏదో తక్లీఫ్ ఉండి ఉంటదిలే అని ఊకున్న."

నాలుగింటికి తిరుమల్ వచ్చాడు. భార్యని దుకాణంలో చూసి తెల్లబోయాడు. అనసూయమ్మ ఆయన్ని కూర్చోనివ్వలేదు. కొంగు ముడి విప్పి ఫ్రీజరు కాయ ఒకటి తీసింది. పులిహోర కలుపుతూ దాన్ని ఎందుకు కొంగున ముడేసుకుందో అప్పటిదాకా ఆమెకీ తెలియదు. అది పూర్తిగా కరిగి మెత్తబడి ఉంది. గల్లా మీది గ్లాసులో, తేలుతున్న కాయ పక్కనే వేసింది. అది నీళ్లని పక్కకి నెట్టుకుంటూ నిదానంగా అడుక్కి పోయి కూర్చుంది.

"మునిగేది నా కాయ" అంది. "తేలేది నన్నే భాయ్ కాయ. పదిహేను రోజుల నుంచి నీ దుకాణం తేలుతున్నది ఆయన కొన్న కాయల మీదనే."

మిగతాది కూడా చెప్పింది, ఫ్రీజరు, నూనె, కరివేపాకు, షర్బత్, ఏదీ దాచకుండా. తిరుమల్ గ్లాసు వైపు చూశాడు, తాళ్లతో కట్టిన మిషను వైపు చూశాడు. నన్నే సాహెబ్ వైపు మాత్రం చూడలేకపోయాడు. మొహం నల్లబడిపోయింది. తప్పైందనే మాట ఆయన నోట ఎన్నడూ రాలేదు, ఇప్పుడూ రాలేదు. 

నన్నే సాహెబే ముందుకొచ్చాడు. "ఎండల పడి వచ్చినవ్ భాయ్. తాగు" అని చేతిలో ఉన్న షర్బత్ గ్లాసు అందించాడు.

దేనితో చేసిందో తిరుమల్‌కి ఇప్పుడు తెలుసు. ఆయన లెక్క ప్రకారం ఆ గ్లాసులో దుకాణం మీద పడిన కన్నంతా ఉంది. రోడ్డు మీద పడి ఉన్న అలాంటి కాయని తొక్కడానికే భయపడి, నాలుగు వీధులు చుట్టి నడిచే మనిషి.   ఆయన కళ్లు మూసుకుని ఎత్తిన గ్లాసు దించకుండా తాగాడు. మూతి తుడుచుకుని గ్లాసు మళ్లీ చాచాడు.

"ఇంకింత ఉన్నదా?" అన్నాడు.

ఐదింటికి ట్రాలీ ఆటో వచ్చి హారన్ కొట్టింది. తిరుమలే బయటికి వెళ్లి, "సామాన్ ఏం లేదు, పో బిడ్డా" అని పంపేశాడు. ఆ తర్వాత వంగి తాడు ముడి విప్పడం మొదలుపెట్టాడు. ముడి బిగుసుకుపోయి ఎంతసేపటికీ రాకపోతే, గుడ్డ చింపే కత్తెరతో కోసి, మిషను మొహం దుకాణం వైపు తిప్పాడు.

తరువాతి సోమవారం సాయంత్రం అనసూయమ్మ కూరగాయల బండి దగ్గరికి వెళ్లింది, కొంగు భుజం మీదే ఉంచుకుని. ఒక నిమ్మకాయ ఏరుకుంది. ఎవరెవరు చూస్తున్నారో చూసుకుంది గానీ చెయ్యి జరపలేదు.

"ఒక్కటేనా అమ్మా?" అన్నాడు బండివాడు.

సుకన్య అక్కడే ఉంది. "ఫ్రీజర్‌ల అయిపోయినయా పిన్నీ?" అంది నవ్వు దాచుకుంటూ.

"మస్తున్నయి" అంది అనసూయమ్మ. "గవి మనుషులకు. గిది గ్లాసుకు."

కవరులో వెయ్యబోతే వద్దంది. కాయని అందరికీ కనపడేలా చేతిలో పట్టుకునే ఇంటికి నడిచింది.